పాండీ అయ్య పడిపోయిన షాటు

మా కాలంలో ప్రొడక్షన్ మేనేజరు ఉద్యోగంలో సగం పని అనుమానించడమే. హీరోయిన్‌కు తలనొప్పి అంటే నిజంగా తలనొప్పేనా, ఇంకో స్టూడియోలో పనుందా అని ఆలోచించాలి. డ్రైవరు టైరు పంక్చరైందంటే వెళ్ళి టైరు చూసి రావాలి. జనరేటరు ఆగిపోతే ముందు జనరేటరును కాదు, దాని పక్కన నిలబడ్డ మనిషి ముఖాన్ని చూడాలి. ఇప్పుడు ఈ లైనులోకి కొత్తగా వచ్చిన పిల్లలు ఎక్కడైనా కనబడితే, "సార్, ఇన్నేళ్ళ సర్వీసులో ఎవరి చేతిలోనైనా మోసపోయారా?" అని అడుగుతారు. చాలాసార్లు మోసపోయాను. అందులో చెప్పుకునేంత విశేషం ఏమీ లేదు. ఒక మనిషిని మాత్రం మేమంతా కలిసి, ఎంతో తెలివిగా అనుమానించాం. అది చెబుతాను.

ఎనభైల మొదట్లో అనుకోండి. తెలుగు సినిమా. కథలో హీరో తండ్రి నేతపనివాడు. మగ్గాలున్న వీధి కావాలని డైరెక్టరు పట్టుబట్టాడు. నాది తిరుత్తణి. మా కులవృత్తి నేత, ఇంట్లో తెలుగు, బళ్ళో తమిళం. మద్రాసు నుంచి పొద్దున బయల్దేరితే టిఫిను వేళకు చేరిపోవచ్చు, ఫ్రేము వెనక కొండ కనిపిస్తుంది, వీధి పొడుగునా మగ్గాల చప్పుడు. మా మేనమామ ఇంట్లోనే షూటింగు పెట్టించాను. ఆయన లుంగీలు నేసేవాడు.

తండ్రి వేషానికి వచ్చిన నటుణ్ని యూనిట్లో అందరం 'పాండీ అయ్య' అనేవాళ్ళం. పుట్టింది యానాంలో. తండ్రి ఫ్రెంచివాళ్ళ కచేరీలో గుమాస్తా. ఆయనకు పాండిచ్చేరి బదిలీ అయితే పిల్లలు అక్కడే చదువుకున్నారు. అందుకని ఇంట్లో తెలుగు, వీధిలో తమిళం, బళ్ళో ఫ్రెంచి. కుర్రతనంలో పద్యనాటకాలాడి, తర్వాత మద్రాసు చేరాడు. ఒక నెలలో జడ్జీగా, పడవవాడుగా, గుడి పూజారిగా, తెల్లదొరగా నాలుగు సినిమాల్లో కనిపించేవాడు. పోస్టరు మీద పేరు ఉండేది కాదు. జనం కూడా "ఈయన్ని యాడో చూసినామే" అనుకునేవాళ్ళు తప్ప, చూసింది ఒక్క మనిషినే అని గుర్తుపట్టేవాళ్ళు కాదు. అది ఆయనకు ఇష్టం. ఆయన గర్వపడేది ఒక్కదానికే. ఏ వేషానికైనా ఆయన గొంతు ఆయనే చెప్పుకున్నాడు, ఇంకొకరు డబ్బింగు చెప్పలేదు.

మనుషుల్ని చూస్తూ కూర్చోవడం ఆయన అలవాటు. ఒకసారి స్టూడియో ఫోనులో అచ్చం నా గొంతుతో క్యాంటీనుకు చెప్పి యూనిట్ మొత్తానికి పకోడీలు తెప్పించాడు. నేను పక్క గదిలో ఉండి విని, 'ఈ మాట నేనెప్పుడు చెప్పాను?' అని ఒక్క క్షణం నన్నే అనుమానించుకున్నాను.

షూటింగుకు వారం ముందే తిరుత్తణి వచ్చి మా మామ దగ్గర మగ్గం నేర్చుకున్నాడు. గుంటలో కాళ్ళు పెట్టి కూర్చోవడం, నూలు కండె ఉన్న నాడెను పడుగులో అటూ ఇటూ విసరడం, తెగిన పోగును తడి వేళ్ళతో ముడేయడం. మామకు ఆయనంటే మొదట నవ్వు, తర్వాత మర్యాద. ఒకరోజు నన్ను పక్కకు పిలిచి, "అబ్బయ్యా, నేను వీధిలోంచి వస్తా ఉండాను. మగ్గం మీద మీ తాత కూచున్నెట్టు కనిపించినాడు. ఒక నిమిషం నాకు కాళ్ళాడలే" అన్నాడు.

ఇంకా పది రోజుల పని ఉండగా పాండిచ్చేరి నుంచి ఆయనకు కబురొచ్చింది. ఫ్రాన్సు నుంచి ఒక యూనిట్ వచ్చి అక్కడ సినిమా తీస్తోంది. ఫ్రెంచి ధారాళంగా మాట్లాడే, వయసు మళ్ళిన భారతీయ నటుడు కావాలి. చిన్న వేషం కాదు. వెంటనే రమ్మన్నారు. సాయంత్రం ప్యాకప్ అయ్యాక ఆయన నిర్మాత దగ్గరికి వెళ్ళాడు. నిర్మాత గుంటూరు వైపు మనిషి, ముక్కుసూటివాడు. నేను అక్కడే ఉన్నాను.

"వారం రోజులు వదిలిపెట్టండి. తిరిగొచ్చి మీ పని పూర్తి చేస్తాను. ముప్పై ఏళ్ళుగా ఎదురుచూసిన వేషం" అన్నాడు పాండీ అయ్య.

"హీరోగారి డేట్లు ఈ పది రోజులే ఉన్నయ్. మిమ్మల్ని పంపి నేనేం చెయ్యాలి? కుదరదండీ" అన్నాడు నిర్మాత.

మాట మీద మాట పెరిగింది. చివరికి పాండీ అయ్య తనలో తాను ఫ్రెంచిలో ఏదో గొణుక్కుంటూ వెళ్ళిపోయాడు.

మర్నాడు పొద్దున తీయవలసిన సీను: కొడుకు తనను మోసం చేశాడని విన్న ముసలాయన మగ్గం గుంటలోంచి లేచి, రెండడుగులు వేసి, గుమ్మంలో కుప్పకూలాలి. కెమెరా తిరిగింది. ఆయన లేచాడు. నోరు తెరిచాడు, మాట రాలేదు. కుడిచెయ్యి వేలాడింది. గుమ్మం దాకా కూడా రాకుండా పక్కకు ఒరిగి, పడుగు దారాలను పట్టుకుని, వాటితో సహా కింద పడ్డాడు.

డైరెక్టరు కట్ చెప్పగానే వీధి వీధంతా చప్పట్లు కొట్టింది. నేనూ కొట్టాను. డైరెక్టరు వచ్చి, "అద్భుతమండీ. పడుగు పట్టుకోవడం మీ సొంతమా?" అని అడిగాడు. ఆయన లేవలేదు. మామ మాత్రం తెగిన పడుగు చూసి తల పట్టుకున్నాడు.

తిరుత్తణిలో చూపిస్తే తిరువళ్ళూరు ఆస్పత్రికి తీసుకెళ్ళమన్నారు. యూనిట్ కారులోనే తీసుకెళ్ళాం. సాయంత్రానికి కళ్ళు తెరిచాడు. రెండు రోజులకు చెయ్యి కదిలింది, లేచి నడిచాడు. అన్నీ తిరిగొచ్చాయి, తెలుగూ తమిళమూ తప్ప. నోరు తెరిస్తే ఫ్రెంచి. అదీ ముక్కలు ముక్కలుగా.

డాక్టరమ్మ చిన్న వయసు మనిషి, తమిళావిడ. మెదడులో రక్తనాళం దెబ్బతిన్నదని, మాట పోవడం ఈ జబ్బులో మామూలేనని చెప్పింది. కొందరికి అన్ని భాషలూ పోకుండా ఒకటి మిగులుతుందని కూడా అంది. నేను ఆ మాటే మోసుకెళ్ళి నిర్మాతకు చెప్పాను.

నిర్మాత నా ముఖంలోకి చూశాడు. "ఆ సాయంత్రం ఫ్రెంచి సినిమాకు పంపమన్నాడు. నేను పంపనన్నాను. తెల్లారేసరికి పడిపోయాడు. పడమని స్క్రిప్టులో రాసిన సీనులోనే పడ్డాడు. ఇప్పుడు ఫ్రెంచి తప్ప ఏదీ రాదంటున్నాడు. నువ్వు నమ్ముతావా?"

నేను ఆస్పత్రి చీటీ మడిచి జేబులో పెట్టుకున్నాను.

"నువ్వు ఆస్పత్రిలోనే ఉండు. ఒక్క తెలుగు ముక్క ఆయన నోట్లోంచి వస్తే నాకు చెప్పు. నటీనటుల సంఘంలో ఫిర్యాదు చేస్తా. ఇక మద్రాసులో ఎవడూ వేషం ఇవ్వడు."

అలా నేను మంచం పక్కన కాపలా కూర్చున్నాను. మొదటిరోజే ఒక సంగతి జరిగింది. ఆయన నర్సును చూసి "ద లో... ద లో" అన్నాడు. ఆమెకు 'తల' అని వినిపించింది. "తలైవలియా అయ్యా?" అని జాలిగా తలనొప్పికి ఒక మాత్ర, గ్లాసుడు నీళ్ళు తెచ్చింది. ఆయన గబగబా నీళ్ళు తాగి, మాత్రను నాలుక మీద నుంచి తీసి దిండు పక్కన పెట్టాడు. నేనది చూశాను. జబ్బు మనిషి మాత్ర ఎందుకు మింగడు? ఆ మాట నిర్మాతకు చేరవేశాను. 'ద లో' అంటే ఫ్రెంచిలో నీళ్ళు అని తర్వాత ఎప్పటికోగానీ తెలియలేదు.

ఒకటి మాత్రం గమనించాను. మాట్లాడలేకపోయినా మేం చెప్పేది ఆయనకు అర్థమయ్యేది. చెయ్యెత్తమంటే ఎత్తేవాడు. "అయ్యా, నేనెవురు?" అని అడిగితే నా చెయ్యి పట్టుకుని, పెదవులు కదిపి కదిపి, చివరికి కన్నీళ్ళు పెట్టుకున్నాడు. నాకు జాలేసింది. వెంటనే ఇంకో ఆలోచన వచ్చింది. ఏడుపు సీనుకు ఈయన ఎన్నడూ గ్లిజరిన్ వాడలేదు.

మూడో నాడు ఆయన అక్క పాండిచ్చేరి నుంచి వచ్చింది. తెల్లజుట్టు, ముతక చీర, చేతిలో పండ్ల సంచి. ఆమె వచ్చిన కారు ఫ్రెంచి యూనిట్‌ది. ఆయన సంగతి కనుక్కురమ్మని వాళ్ళే ఇచ్చి పంపారట. నిర్మాత సరిగ్గా అదే సమయానికి ఆస్పత్రి ముందు దిగాడు. కారును చుట్టూ తిరిగి చూశాడు. లోపలికి వచ్చేసరికి అక్కా తమ్ముళ్ళిద్దరూ ఫ్రెంచిలో మాట్లాడుకుంటున్నారు.

"ఏమంటున్నాడమ్మా?" అని అడిగాడు నిర్మాత.

"షాటు బాగా వచ్చిందా అని అడుగుతున్నాడండీ మా తమ్ముడు" అందామె, గోదావరి యాసలో.

నిర్మాత నవ్వాడు. అది మంచి నవ్వు కాదు. "బ్రహ్మాండంగా వచ్చిందని చెప్పండి. ఇప్పటికీ వస్తూనే ఉందని చెప్పండి." తర్వాత మంచం దగ్గరికి వెళ్ళి, వేలు చూపిస్తూ, నాలుగు మాటలన్నాడు. కడుపుకు అన్నం పెట్టినవాడికే వేషం వేసి చూపించేవాడు మనిషే కాదన్నాడు. ఇంకా అన్నాడు, అవి చెప్పను. ఆ అక్కయ్య గోడకు ఆనుకుని నిలబడిపోయింది.

ఆ మధ్యాహ్నం మామ తిరుత్తణి నుంచి క్యారియర్‌లో అన్నం తెచ్చాడు. బస్సులో వస్తూ యూనిట్‌వాళ్ళ మాటలన్నీ విన్నాడు. తెచ్చిన క్యారియర్ నా చేతిలో పెట్టి, మంచానికి అడుగు దూరంలో నిలబడి అన్నాడు. "అదంతా నడిప్పు, వట్టి నాటకం అబ్బయ్యా. వీడు మగ్గం మీద కూచుంటే నేనే మీ తాతనుకున్నా. అట్లాంటోడు మంచం మీద పండుకుంటే ఎట్లా నమ్మేది? మన కూడు తిన్నాడు, మన పడుగు తెంపినాడు. వీడు రేపు నిజంగా చచ్చినా ఒకడూ నమ్మడు, చూస్తా ఉండు."

"మామా, మెల్లిగా" అన్నాను.

"మెల్లిగా ఎందుకు? తెలుగు తెలీదంట కదా."

పాండీ అయ్య మా ఇద్దరి మధ్య నుంచి కిటికీని చూస్తున్నాడు. ముఖంలో ఏ కదలికా లేదు.

ఆ రోజు నుంచి ఆయన ఎవరు ఏ భాషలో పిలిచినా పలకడం మానేశాడు. చెయ్యెత్తమంటే ఎత్తడు. నర్సు తమిళంలో అడిగితే వెర్రి చూపు, నేను తెలుగులో అడిగినా వెర్రి చూపే. అక్క ఫ్రెంచిలో చెబితేనే కదిలేవాడు. డాక్టరమ్మ కంగారుపడి మళ్ళీ పరీక్షలు చేసింది. జబ్బు ముదురుతోందేమోనంది. నాకు మాత్రం అనుమానం గట్టిపడింది. నిన్నటి దాకా అర్థమైన భాష ఇవాళ ఎలా పోతుంది? మనిషి అతి చేస్తున్నాడు అనుకున్నాను. నిర్మాతకు ఆ మాటే చెప్పాను.

దాంతో ఆయన నటీనటుల సంఘం నుంచి ఇద్దరు పెద్దలను తిరువళ్ళూరు తీసుకొచ్చాడు. వాళ్ళలో ఒకాయన పాత నాటకాల మనిషి, కుర్రతనంలో పాండీ అయ్యతో కలిసి వేషాలు కట్టినవాడు. అందరం మంచం చుట్టూ చేరాం. అడిగిన దేనికీ జవాబు లేదు. నిర్మాత చేతులు కట్టుకుని నిలబడ్డాడు. నాటకాల పెద్దాయన కాసేపు తన పాత స్నేహితుణ్ని చూసి, ఏమనుకున్నాడో, మంచం పట్టె మీద కూర్చుని మెల్లగా ఒక పద్యం ఎత్తుకున్నాడు. ఇద్దరూ ఏళ్ళ తరబడి స్టేజీ మీద పాడిన పద్యం. మొదటి పాదం అయింది. రెండో పాదం దగ్గర గొంతు అందక ఆగాడు.

పాండీ అయ్య అందుకున్నాడు.

రాగం తప్పలేదు. ఒక్క అక్షరం నలగలేదు. ఒత్తులు, పొల్లులు, అన్నీ చక్కగా పలికే తెలుగు. వార్డులో పక్క మంచాలవాళ్ళు లేచి కూర్చున్నారు. పద్యం చివరిదాకా పాడి ఆపేసి, ఆయనే ఆశ్చర్యపోయినట్టు తన నోటిని తడుముకున్నాడు.

"దొరికాడు" అన్నాడు నిర్మాత. గట్టిగా కూడా అనలేదు. "ఇంకేం చూడాలండీ?"

నాటకాల పెద్దాయన లేచి నిలబడ్డాడు. కోపంతో కాదు, అవమానంతో ఆయన ముఖం నల్లబడింది. "ఒరే, నా దగ్గర కూడానా?" అని మాత్రం అన్నాడు. సంఘం నుంచి వచ్చిన రెండో ఆయన తలుపు వైపు నడిచాడు. అక్కయ్య ఏదో చెప్పబోయింది, ఎవరూ వినలేదు. నిజం చెప్పాలంటే నాకు లోపల తేలికైంది. నా కాపలా ముగిసింది, నా అనుమానం నిజమైంది.

పాట విని డాక్టరమ్మ పరుగున వచ్చింది. జరిగింది చెప్పాం. ఆమె ముఖం వెలిగిపోయింది. "పాడాడా? అయితే నేను చెప్పిన జబ్బే. ఉండండి, వెళ్ళొద్దు" అంది తమిళంలో. తలుపు దగ్గర ఆ రెండో ఆయన ఆగాడు.

ఆమె మంచం మీద కూర్చుంది. ఆ పద్యంలో చేతులు అనే మాట ఉందని నాటకాల పెద్దాయన్ను అడిగి తెలుసుకుంది. తన చెయ్యి చాపి, "అయ్యా, భయపడొద్దు. ఇదేంటి? తెలుగులో చెప్పండి" అని అడిగింది.

ఆయన ఆమెను చూశాడు. తర్వాత మా అందర్నీ ఒక్కొక్కరినీ చూశాడు. ఆ వెర్రి చూపు పోయింది. పెదవులు కదిలాయి. "మ్... మేఁ" అన్నాడు.

"ఫ్రెంచిలో చెయ్యి" అంది అక్కయ్య.

"తెలుగులో" అంది డాక్టరమ్మ.

ఆయన ప్రయత్నించాడు. మెడ నరాలు ఉబ్బాయి, నుదుట చెమట పట్టింది. ఇప్పుడే అంత స్పష్టంగా పాడిన మాట, ఒక్క మాట, బయటికి రావడం లేదు. మంచం పట్టెను పిడికిలితో గుద్దాడు. ఉన్నట్టుండి కళ్ళు మూసుకుని పద్యాన్ని మొదటి నుంచి ఎత్తుకున్నాడు. ఎక్కాల్లో నడిమి లెక్క అడిగితే చిన్నపిల్లలు మొదటి నుంచి చెప్పుకుంటూ వస్తారు చూడండి, అట్లా, గబగబా, రాగం కూడా లేకుండా పరుగెత్తి ఆ మాట దగ్గరికి వచ్చి ఠక్కున ఆగాడు. "చేతులు" అన్నాడు. తన రెండు చేతులూ పైకెత్తి మాకు చూపించాడు. "చేతులు." మళ్ళీ అందామనుకున్నాడు, అప్పటికే ఆ మాట పోయింది. చేతులు అట్లాగే గాల్లో ఉన్నాయి.

డాక్టరమ్మ మాకు వివరించింది. మనం మాట్లాడే మాట మెదడులో ఒక చోట పుడుతుంది, చిన్నప్పటి నుంచి నోటికి వచ్చిన పాట ఇంకో దారిన వస్తుంది, మొదటిది దెబ్బతిన్నా రెండోది బతికి ఉంటుందని. "ఇది నటించాలంటే ఈయన ముందు నా పుస్తకాలు చదివి ఉండాలి" అంది. నాటకాల పెద్దాయన వచ్చి ఆ చేతులు రెండూ పట్టుకుని కిందికి దించాడు. ఫిర్యాదు మాట ఇక ఎవరూ ఎత్తలేదు. నిర్మాత వెళ్ళేటప్పుడు అక్కయ్యకు దణ్ణం పెట్టాడు.

ఫ్రెంచి సినిమా వేరే ఎవరికో పోయింది. మా సినిమాలో కథ మార్చి, తండ్రి ఆ మగ్గం దగ్గరే చనిపోయినట్టు తీశారు. ఆ షాటు ఉంచాలా వద్దా అని డైరెక్టరు తేల్చుకోలేకపోతే, అక్క చేత ఉంచమని చెప్పించింది పాండీ అయ్యే. తిరుత్తణి టాకీసులో ఆ షాటు వచ్చినప్పుడు మామ నా పక్కనే కూర్చుని తెర వైపు చూడకుండా తన అరచేతులు చూసుకున్నాడు.

తెలుగు ఆయనకు నెమ్మదిగా తిరిగొచ్చింది. అక్క రోజూ కూర్చోబెట్టి ప్రతి మాటనూ రాగంలో పెట్టి చెప్పించేదట. తర్వాత నాలుగైదు సినిమాల్లో చిన్న వేషాలు వేశాడు. కాపలావాడు, భజనలో వెనక కూర్చునే ముసలాయన, అలాంటివి. డబ్బింగు వేరేవాళ్ళు చెప్పారు. అందులో రెండు వేషాలు నేనే ఇప్పించాను. "సెట్లో మళ్ళీ మాట మరిచిపోతే ఎవరిది పూచీ?" అని అడిగిన నిర్మాతలకు నాది అన్నాను.

కొన్నేళ్ళకు ఆడి కృత్తిక పండక్కి భక్తులు కొండకు మోసుకెళ్ళే కావళ్ళు చూడాలని తిరుత్తణి వచ్చి, నేరుగా మామ ఇంటికి వచ్చాడు. మామ మగ్గం మీద ఉన్నాడు. నేను మజ్జిగ ఇచ్చాను. మాట సాగదీసి, కొంచెం పాటలాగా మాట్లాడుతున్నాడు గానీ, బాగానే మాట్లాడుతున్నాడు. నా మనసులో ఏళ్ళుగా గుచ్చుకుంటున్న ముల్లు ఒకటుంది. డాక్టరమ్మ చెప్పిన దాంట్లో అది ఇమడలేదు.

"అయ్యా, ఒకటి అడగనా? మొదట్లో మేం చెప్పేది మీకు తెలస్తా ఉండె. మూడు దినాలకి తెలీకుండా పోయె. మళ్ళీ డాక్టరమ్మ అడిగిన దినం తెలిసె. అది జబ్బేనా?"

ఆయన మజ్జిగ గ్లాసు కింద పెట్టాడు. "కాదు" అన్నాడు. "నటించాను."

మగ్గం చప్పుడు ఆగింది.

"మీరందరూ... అంటున్నవి... అర్థమైపోతున్నాయి. అర్థమైందని తెలిస్తే జవాబు చెప్పాలి కదా. నోట్లో మాట లేదు. అందుకని... అర్థం కానివాడి వేషం వేశాను." నవ్వాడు. "డాక్టరమ్మ కూడా నమ్మింది."

మామ గుంటలోంచి లేవలేదు. నాడె చేతిలోనే ఉంది. వంచిన తల ఎత్తకుండానే అడిగాడు. "అయ్యా... ఆ పొద్దు నేను మంచం కాడ అన్నది... అది గూడా మీకు తెలిసిందా?"

పాండీ అయ్య ఆయన వైపు తిరిగాడు. ఆ ముఖంలో అంతదాకా ఉన్న నవ్వు మెల్లగా ఎటో వెళ్ళిపోయింది. కనుబొమలు కొంచెం పైకి లేచాయి. వినిపించిన భాష ఏమిటో తెలియని పరదేశిలాగా, మర్యాదగా, అమాయకంగా మామను చూస్తూ కూర్చున్నాడు.